తొలి ఆషాఢం, అత్తింటి బోనం: మీ ప్రశ్నకు సమాధానం

పెళ్లయ్యాక వచ్చిన తొలి ఆషాఢం కనుక లాల్‌దర్వాజాలోని పుట్టింట్లో ఉన్నానని, సికింద్రాబాద్‌లోని అత్తగారు ఉజ్జయినీ మహంకాళికి ఈసారి బోనం మీరే ఎత్తాలంటుంటే, అత్తాకోడళ్లు ఈ నెలలో ఒకే గడప దాటరాదని మీవారి నాయనమ్మగారు అడ్డుచెబుతున్నారని రాశారు. ఇద్దరి మాటా నిలిచే దారి ఉంది.

నాయనమ్మగారి పట్టింపు గడప గురించే గానీ గుడి గురించి కాదు. కాబట్టి ఉజ్జయినీ మహంకాళి బోనాలు జరిగే ఆదివారం మీరు అత్తింటికి వెళ్లకుండా, తెల్లవారుజామునే నేరుగా గుడి వీధికి చేరుకోండి. అత్తగారు పాలు, బెల్లంతో అన్నం వండి, పసుపు కుంకుమలు దిద్దిన కుండ మెడకు వేపరెమ్మలు కట్టి, పైన దీపం పెట్టి తీసుకొస్తే, వీధి మొదట్లో మీరు అందుకోవచ్చు. మా చిన్న కోడలి విషయంలో మేము ఇలాగే చేశాము. మా వదినగారు తన తలమీది చుట్టకుదురు తీసి, కోడలి జుట్టు సవరించి, దాన్ని నెమ్మదిగా అమర్చడం చూసి మా అందరి కళ్లూ చెమర్చాయి.

లాల్‌దర్వాజా బోనాలు ఆనవాయితీగా ఆ తరువాతి ఆదివారం జరుగుతాయి గనుక మీ అమ్మగారింటి బోనానికీ ఆటంకం ఉండదు.

అయితే ఈ ప్రతిపాదనను మీరు కాక, మీవారే ముందుగా నాయనమ్మగారి దగ్గర కూర్చుని, తీర్మానంలా వినిపించకుండా అనుమతి కోరుతున్నట్లు అడగడం చాలా అవసరం. ఆషాఢంలో అమ్మవారే పుట్టింటికి వస్తుందన్న నమ్మకాన్ని ఆమె ఎరుగుదురు. పుట్టింటి నుంచి వచ్చిన కోడలు బోనమెత్తడాన్ని ఆమె కాదనరనే నా నమ్మకం.