వింటర్ ఒలింపిక్స్‌లో మొట్టమొదటి బంగారు పతకం ఎవరు గెలిచారు?

అమెరికా స్పీడ్ స్కేటర్ (మంచు మీద స్కేటింగ్ పందేల్లో పాల్గొనే ఆటగాడు) చార్లెస్ జూట్రా. 1900లో పుట్టి, న్యూయార్క్ రాష్ట్రంలోని లేక్ ప్లాసిడ్‌లో పెరిగాడు. 1921, 1923లో జాతీయ చాంపియన్.

1924 జనవరి 26న ఫ్రాన్స్‌లోని షామొనీలో జరిగిన తొలి వింటర్ ఒలింపిక్స్‌లో 500 మీటర్లను 44.0 సెకన్లలో ముగించాడు. రెండో స్థానంలో నిలిచిన నార్వే ఆటగాడు ఓల్సెన్ టైమ్ 44.2. నన్ను కదిలించేది ఆ తేడా కాదు. అమెరికాలో స్కేటర్లందరూ గుంపుగా ఒకేసారి బయల్దేరి పోటీపడేవారు. ఒలింపిక్స్‌లోనేమో ఇద్దరిద్దరే, అసలు పోటీ గడియారంతో. అలవాటైన పద్ధతి కాకపోయినా గెలవడం ఎంత గొప్ప! 1500 మీటర్లలో మాత్రం ఎనిమిదో స్థానమే.

తర్వాత ఎక్కువ కాలం పోటీల్లో లేడు. క్రీడా సామగ్రి కంపెనీ స్పాల్డింగ్‌లో పనిచేశాడు. 1996లో చనిపోయాడు. ఆ పతకం ఇప్పుడు స్మిత్సోనియన్ మ్యూజియంలో ఉంది.