ఒక్క రేసూ గెలవని ఛాంపియన్‌ను ఛాంపియన్ అనవచ్చా?

2019లో డ్రైవర్ మ్యాట్ క్రాఫ్టన్ ఒక్క రేసు కూడా గెలవకుండానే అమెరికాలో నాస్కార్ సంస్థ నడిపే ట్రక్ రేసుల సిరీస్ టైటిల్ సాధించాడు కదా, అతణ్ణి ఛాంపియన్ అనడం సబబేనా అని మీరు అడిగారు. నిస్సందేహంగా సబబే. ఈ మాట నేను అంకెలు చూసి కాదు, 2017 జూలైలో ఒక బుధవారం రాత్రి అతని బండి లేపిన దుమ్ము మింగి చెబుతున్నాను.

ట్రక్ రేసింగ్ అనగానే మనవాళ్ళు పది చక్రాల లారీలను ఊహించుకుని నవ్వుతారు. అవి పికప్ ట్రక్కుల ఆకారంలో తయారుచేసిన అసలు సిసలైన రేసు బండ్లు. "ఎడమకు తిప్పుకుంటూ గుండ్రంగా తిరగడమే కదా" అని ఎప్పుడూ తీసిపారేసే మా బావమరిదిని ఒక్కసారైనా ఎల్డోరాకు తీసుకువెళ్ళాలన్న నా కోరిక ఆ రాత్రి తీరింది.

ఎల్డోరా ఒహాయోలో పొలాల నడుమ ఉన్న అర మైలు మట్టి ట్రాక్. మేముండే కొలంబస్ నుంచి కారులో సుమారు రెండు గంటల దారి. దగ్గర నుంచి చూడాలన్న మోజుతో కింది వరుసల్లో కూర్చున్నాము, పైగా అతను తెల్లచొక్కా వేసుకుని వచ్చాడు. పది ల్యాపులు తిరిగేసరికి ఆ చొక్కా గోధుమరంగుకు మారింది, చేతిలోని పాప్‌కార్న్ తినడానికి పనికిరాకుండా పోయింది. 150 ల్యాపుల ఆ రేసులో ఎక్కువసేపు ముందున్నవాడు స్టువర్ట్ ఫ్రీసెన్, మట్టి ట్రాకుల మీదే చేయి తిరిగిన కెనడా డ్రైవర్. క్రాఫ్టన్ తారు ట్రాకుల మనిషి. అయినా వెనుక చక్రాలు జారి బండ్లు అడ్డంగా పోతున్న మలుపుల్లో తొందరపడకుండా కాచుకుని, చివర్లో ఫ్రీసెన్‌ను దాటి గెలిచాడు. "ఇతను ఇంతసేపూ ఎక్కడున్నాడు బావా?" అన్నాడు మా బావమరిది, కళ్ళలోని మట్టి తుడుచుకుంటూ.

క్రాఫ్టన్ గురించి ఎవరైనా అడగవలసిన ప్రశ్న అదే. కాలిఫోర్నియాలోని టులారే నుంచి వచ్చి 2000లో ఈ సిరీస్‌లో అడుగుపెట్టిన ఈ మనిషికి మొదటి గెలుపు 2008లో, షార్లెట్‌లో, 178వ రేసులో దక్కింది. అన్నేళ్ళు గెలవనివాణ్ణి జట్లు ఊరికే అట్టిపెట్టుకోవు. బండిని పగలగొట్టకుండా పాయింట్లతో ఇంటికి తెచ్చేవాడు కనుకనే అట్టిపెట్టుకుంటాయి. 2013లో ఒకే ఒక్క గెలుపుతో టైటిల్ కొట్టినప్పుడు ఎవరూ ఇంత గొడవ చేయలేదు. 2014లోనూ టైటిల్ నిలబెట్టుకుని, ఈ సిరీస్‌లో వరుసగా రెండేళ్ళు ఛాంపియన్ అయిన మొదటి డ్రైవర్‌గా నిలిచాడు.

ఇక 2019 సంగతి. సీజనంతా పడిన శ్రమను పక్కనపెట్టి, చివరి రేసులో నలుగురిలో ఎవరు ముందు ముగిస్తే వారికే టైటిల్ కట్టబెట్టే ఆనాటి ప్లేఆఫ్ పద్ధతి నాకు ఏనాడూ నచ్చలేదు. హోమ్‌స్టెడ్‌లో జరిగిన ఆ రేసు గెలిచిన ఆస్టిన్ హిల్ ఆ నలుగురిలోనే లేడు. రెండవ స్థానంలో వచ్చిన క్రాఫ్టన్ ఆ నలుగురిలో మిగతా ముగ్గురైన చాస్టెయిన్, మాఫిట్, ఫ్రీసెన్‌ల కంటే ముందున్నాడు కనుక ఛాంపియన్ అయ్యాడు. కోపం ఉంటే ఆ పద్ధతి రాసినవారి మీద చూపండి, దాని ప్రకారం నడిపినవాడి మీద కాదు.