నీ గుర్రం గురించి

తమ్ముడూ,

నీ కార్టూన్ స్క్రిప్ట్ మొన్న మారతహళ్లి బ్రిడ్జి దగ్గర బస్సు ఆగిపోతే అక్కడే చదివేశా, రెండు చోట్ల పైకే నవ్వేసరికి పక్కాయన అదోలా చూశాడు. కామెడీ నీకొచ్చు, డౌట్ లేదు. కానీ శాంపిల్‌గా తీసే 11 నిమిషాల పైలట్‌లో పెళ్లి, జాతర, వాన, పైగా గుర్రం. గుర్రాన్ని ఎవడు గీస్తాడ్రా?

సెకనుకి 24 ఫ్రేములు. ఒక్కో బొమ్మని రెండు ఫ్రేములు ఉంచినా సెకనుకి 12 బొమ్మలు, మొత్తం 7,920. మీలో గీసేది ఇద్దరు, అదీ ఆఫీసయ్యాక.

నేనూ ఇలాగే చేశాలే. బీటీఎంలో ముగ్గురం ఒకే రూమ్‌లో ఉన్నప్పుడు "రెండొందల మంది బంతిలో కూర్చుని తింటుంటారు" అని ఒక్క లైను రాశా, నాకు అర నిమిషం పట్టింది, మావాడు మూడు వారాలు గీసి గీసి ఇంక నావల్ల కాదని మడివాళలో బస్సెక్కి ఊరెళ్లిపోయాడు, ఏడాది ఫోనెత్తలేదు. తర్వాత సీను మార్చా. స్క్రీన్ నిండా ఒక్క అరిటాకు. పైనుంచి గరిట పట్టుకున్న చెయ్యొచ్చి చారు పోస్తుంది, "చాలండీ, చాలు" అంటున్నా పోస్తూనే ఉంటుంది, అన్నానికి కట్టిన గట్టు తెగి చారంతా పక్కాకులోకి. మిగతా పెళ్లంతా గొంతులే. జనం దీనికే పడీపడీ నవ్వారు.

పాత కార్టూన్‌లో ఎలుగుబంటి, యోగి బేర్, దాని మెడలో టై చూశావా, అందానికి కాదది, మెడ దగ్గర అతుకు కనపడకుండా తల ఒక్కటే కదపడానికి, 1958 నాటి టీవీ బడ్జెట్ తిప్పలు.

సాఫ్ట్‌వేర్ అడిగావు, బ్లెండర్ ఫ్రీ, ఓపెన్‌టూన్జ్ ఫ్రీ, అయిపోయింది. గొంతుల దగ్గర మాత్రం పిసినారితనం వద్దు. బొమ్మ కదలకపోయినా జనం క్షమిస్తారు, డైలాగ్ బావిలోంచి వచ్చినట్టుంటే కట్టేసి పోతారు. మేం బట్టల బీరువాలో తల పెట్టి రికార్డ్ చేసేవాళ్లం, పక్కింటి కుక్కర్ విజిల్ రాకముందే టేక్ ఓకే అవ్వాలి. ఇంకోటి, నీ హీరో శ్రీకాకుళం వాడు, మీ రూమ్‌లో అందరూ అనంతపురమోళ్లు. ఆ యాస పలకదు. హీరోనే అనంతపురం వాణ్ణి చేసెయ్, ఖర్చు లేదు, నిజంగా ఉంటుంది కూడా.

రంగులేసేముందు పెన్సిల్ స్కెచ్‌లకి ఆ గొంతులు పెట్టి యానిమాటిక్ కట్టు. ఫ్రెండ్స్‌కి చూపించకు, వాళ్లు మొహమాటానికి నవ్వుతారు. మీ మెస్‌లో వడ్డించే అన్నకి చూపించు, ఆయన ఎక్కడ ఫోన్ తిరిగిచ్చేస్తాడో అక్కడ కట్ చెయ్.

ఆదివారం అది పట్టుకుని ఇంటికొచ్చెయ్. మీ వదిన ఉలవచారు పెడతానంది, అలాగని నీ గుర్రాన్ని కూడా తీసుకురాకు.

ఉంటా,
అన్న