జోకర్ చేతికి కత్తి ఇవ్వకు

తమ్ముడూ,

నీ జోకర్ కథ రెండుసార్లు చదివాను. జోకర్లంటే నాకు చిన్నప్పటి నుంచీ భయం, అందుకే ఆశగా మొదలుపెట్టాను. మూడో పేజీలో వాడు కత్తి తీశాడు, అక్కడితో నా భయం పోయింది. కత్తి పట్టుకున్నవాడు ఏం చేస్తాడో మనకి తెలుసు. జోకర్ ఏం చేస్తాడో తెలీదు, టెన్షన్ అంతా అందులోనే ఉంది.

సౌత్ వేల్స్ యూనివర్సిటీ పరిశోధకులు చాలా దేశాల నుంచి 987 మందిని అడిగితే సగానికి పైగా జోకర్లంటే ఎంతో కొంత భయం ఉందన్నారు. అన్నిటికంటే బలంగా తేలిన కారణం, ముఖానికి పూసిన రంగు వెనక మనిషి మనసులో ఏముందో కనిపించకపోవడం.

నాకు ఏడేళ్లప్పుడు మా ఊరికి సర్కస్ వచ్చింది. డేరా వెనక నీళ్ల డ్రమ్ము దగ్గర జోకర్ టీ తాగుతున్నాడు. ఎర్రరంగు నోరు చెవుల దాకా నవ్వుతోంది, లోపలి అసలు పెదాలు మాత్రం బిగుసుకుని ఉన్నాయి, గ్లాసు అంచుకి ఆ ఎరుపు అంటుకుంది. నన్ను చూశాడు. కోపమో, ఏడుపో, ఏదీ అంతుపట్టలేదు. గ్లాసు కడిగి బోర్లించి వెళ్లిపోయాడు, అంతే. ఆ రాత్రి నాకు జ్వరం. పాపం, ఆటలాడి అలసిపోయిన మనిషని ఇప్పుడు అర్థమవుతుంది, కానీ ఆ పిల్లాడికి తెలీదు కదా, నువ్వు రాయాల్సింది వాడి కళ్లలోంచి.

ఇంకోటి, నీ జోకర్ గతం గురించిన కథ తీసెయ్. అమెరికాలో 1978లో పట్టుబడ్డ జాన్ వేన్ గేసీని చూసి రాశావని తెలుస్తోంది. అతను 33 మందిని చంపాడు, నిజమే, కానీ నన్ను ఇప్పటికీ కుదిపేది ఆ లెక్క కాదు. పోగో అనే జోకర్ వేషంలో అతన్ని చూసి నవ్విన జనానికి ఏ అనుమానమూ రాకపోవడం. నువ్వేమో వాడు ఎందుకలా అయ్యాడో రెండు పేజీలు వివరించి, ఆ రంగంతా నీ చేత్తోనే కడిగేశావు.

బర్త్‌డే సీన్ మాత్రం వదలకు. బుడగ ఇవ్వడానికి వంగినప్పుడు చెమటకి చెంప మీద తెల్లరంగు పగిలిందని రాశావు చూడు, కథకి ప్రాణం అక్కడుంది, నువ్వేమో ఒక్క వాక్యంలో దాటేశావు. అక్కడే ఆగు. పాప చేత అడిగించు, "అంకుల్, నువ్వు నిజంగా నవ్వుతున్నావా?" అని. వాడు జవాబు చెప్పకూడదు, బుడగా వదలకూడదు. అలా ఒక పేజీ రాసి పంపు, వచ్చిన రోజే చదువుతాను.

మీ అన్నయ్య