వాతావరణ మార్పు ప్రజల బతుకుతెరువును ఎలా దెబ్బతీస్తుంది?
ఈ ప్రశ్న రాగానే తుపాన్లు, వరదలే గుర్తుకొస్తాయి గానీ, నా దృష్టిలో ముందుగా చెప్పుకోవలసింది ఎండ గురించి. వేడి హద్దు దాటాక ఇటుకలు మోసే కూలీ నీడకు చేరక తప్పదు. ఆ గంటల కూలి పోయినట్లే. 2030 నాటికి ఈ కారణంగా ప్రపంచవ్యాప్తంగా మొత్తం పనిగంటల్లో 2.2 శాతం, అంటే 8 కోట్ల పూర్తికాల ఉద్యోగాలకు సమానమైన శ్రమ, నష్టపోవచ్చునని అంతర్జాతీయ కార్మిక సంస్థ 2019లో అంచనా వేసింది.

పంట దెబ్బతిని ధరలు పెరిగినప్పుడు, ఆదాయంలో సగానికి పైగా తిండికే ఖర్చుచేసే కుటుంబం మొదట అప్పు చేస్తుంది, ఆ తర్వాత పిల్లల చదువు మాన్పిస్తుంది, చివరికి ఊరు విడుస్తుంది. 2050 నాటికి ఇలా సొంత దేశంలోనే వలస పోయేవారు ప్రపంచంలోని ఆరు ప్రాంతాల్లో కలిపి 21.6 కోట్ల వరకు ఉండవచ్చునని 2021లో ప్రపంచ బ్యాంకు పేర్కొంది. ముప్పు పెరిగిన చోట బీమా కూడా ఖరీదవుతుంది, లేదా అసలు దొరకదు.