పునాదిలో పడ్డ మొరం అమ్మొచ్చా?

ప్రశ్న: కాజీపేటలో మాకు 180 గజాల పట్టా జాగ ఉంది. ఇంటికి పర్మిషన్ వచ్చింది. పునాదులు తవ్వితే మంచి మొరం పడింది. పక్క కాలనీవాళ్లు ట్రాక్టర్ల లెక్కన కొంటామంటున్నారు. అమ్మితే కేసవుతుందేమోనని టెన్షన్‌గా ఉంది సార్.
– ఒక పాఠకురాలు

జవాబు: తొందరపడి అమ్మకండమ్మా. జాగ మీదే అయినా, ఇంటి పర్మిషన్‌తో మట్టి అమ్మడానికి వీల్లేదు. నింపడానికి, చదును చేయడానికి వాడే మట్టిని కేంద్రం 2000లోనే చిన్నతరహా ఖనిజంగా ప్రకటించింది. బయటికి పంపాలంటే గనుల శాఖకు సీనరేజీ (ఖనిజం మీద సర్కారు తీసుకునే రాయల్టీ రుసుము) కట్టి పర్మిట్ తీసుకోవాలి. అది లేకుండా బండి పట్టుబడితే పాపం డ్రైవర్ కూడా ఇరుక్కుంటాడు. మీ జాగలోనే వాడుకుంటే సంగతి వేరు. తవ్విన మట్టిని అక్కడే పునాదులకు, చదునుకు వాడితే రాయల్టీ అడగరాదని 2014లో పుణె బిల్డర్ల కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ముందు బేస్‌మెంట్‌కు ఎంత కావాలో మేస్త్రీతో లెక్క వేయించండి. వానలకు ఎత్తు తక్కువ ఇళ్లలోకి నీళ్లు రావడం మన వరంగల్‌లో చూస్తూనే ఉన్నాం. మిగిలితేనే అమ్మకం మాట.