గుడ్డు సీను రాసేముందు

చిన్నీ,

గవర్నమెంటు బడి టీచర్ల మీద టీవీ కామెడీ ఎపిసోడ్ రాస్తున్నావని మీ అమ్మ నిన్న ఫోన్లో చెప్పింది. ముప్పై ఏళ్లు ఆ బళ్లలోనే పాఠాలు చెప్పినదాన్ని, నాకింతకంటే సంతోషం ఏముంటుంది? అయినా రాత్రి నిద్ర పట్టలేదు.

నువ్వు చూడమన్న అమెరికా టీవీ కామెడీ 'అబాట్ ఎలిమెంటరీ' మొదటి ఎపిసోడ్ చూశాను. ఫిలడెల్ఫియా బడే అయినా మన బడిలాగే ఉంది. రెండో తరగతి టీచరు పిల్లల కోసం ఒక రగ్గు అడిగితే, వచ్చిన డబ్బుతో ప్రిన్సిపల్ తన ఫొటో ఉన్న బోర్డు పెట్టించుకుంటుంది. నవ్వు, పాత రగ్గు పాడుచేసిన పిల్లాడి మీద కాదు, ఆ బోర్డు మీద. రాసిన క్వింటా బ్రన్సన్ వాళ్లమ్మ కిండర్‌గార్టెన్ టీచరట. ఆ జాగ్రత్త అక్కడి నుంచే వచ్చి ఉంటుంది.

బడికి వెళ్లి నాలుగు రోజులు కూర్చో. మన గుంటూరు మాటే రాయి. మిరప కోతలప్పుడు క్లాసులో సగం ఖాళీ, అది మర్చిపోకు.

ఇక అసలు సంగతి. మన రాష్ట్రంలో బళ్లలో మధ్యాహ్న భోజనం 2003లో మొదలైంది. ఆ తర్వాత కొన్నేళ్లకి మా బడి వార్షికోత్సవానికి నాటిక నేనే రాశాను. మూడో తరగతి పాప ఒకతె ఉడికించిన గుడ్డు తినకుండా, తమ్ముడి కోసం గౌను జేబులో దాచుకుని పట్టుకెళ్లేది. నాకది ముద్దొచ్చింది. 'గుడ్డు దొంగ' అని పాత్ర పెట్టాను. ఆ వేషం వేసిన పిల్లాడు జేబు ఉబ్బెత్తుగా పెట్టుకుని, దొంగచూపులు చూస్తూ నడుస్తుంటే ఊరంతా ఒకటే చప్పట్లు. నేనూ పడీపడీ నవ్వాను. పక్కకి తిరిగితే పట్టా మీద ఆ పాప. రెండు చేతులతో ఖాళీ జేబుని గట్టిగా మూసి పట్టుకుంది. ఏడవలేదు.

మర్నాటి నుంచి గుడ్డు వద్దనేది. "కడుపునొప్పి టీచర్" అనేది. పది రోజులకి రావడమే మానేసింది. ఇంటికి వెళ్తే తాళం. కాయ కోతలకి వెళ్లారని పక్కింటావిడ చెప్పింది. తప్పయిందమ్మా అని చెప్పుకోడానికి ఆ పిల్ల నాకు మళ్లీ కనపడలేదు.

నీ మొదటి సీను మీ అమ్మ చదివి వినిపించింది. చిరుగుల నిక్కరు పిల్లాడు, చుట్టూ నవ్వులు. తీసెయ్. నీకు బుద్ధుందా అని నోటిదాకా వచ్చింది, తల్లీ, కానీ నేను చేసిందీ అదేగా. బడిలో నవ్వుకి కరువా? మా బడిలో ఒకే గదిలో ఇటు ఎక్కాలు, అటు పద్యాలు. పిల్లలు "మూడు మూళ్లు వినురవేమ" అనేవాళ్లు. ఇంకో గది కట్టించని వాళ్ల మీద రాయి, ఎంతైనా నవ్వించు.

బడి ఉన్న రోజు చూసుకుని రా. స్టేషన్ నుంచి నేరుగా బడికే వెళ్దాం. గుడ్డు పెట్టే వేళకి పిల్లల వరసలో కింద కూర్చో. ఎవరైనా జేబులో పెట్టుకుంటే చూడనట్టే ఉండు.

నీ పెద్దమ్మ